ఉప్పుచేప చరిత్ర

ఇతర భాషల గ్రంథాలను తెలుగులోనికి తెచ్చేవారికి వేదాంత పరిభాష అంతగా కష్టం కలిగించదు. తిండి పదార్థాల పేర్లే ఎక్కువ చిక్కు పెడతవి. ఒక ఆంగ్ల నవలలో నాయకుడు పొగబెట్టిన సాల్మన్ చేపముక్కలతో విందు ఆరగిస్తాడు. అనువాదకుడు ఆ మాటలను ఉన్నవి ఉన్నట్లు తెలుగు లిపిలో పెట్టి ముందుకు సాగిపోతాడు. పాఠకుని కంటికి ఏ వస్తువూ కనబడదు. ఐనా అదేదో గొప్ప వంటకమని తోస్తుంది. మరొక హిందీ కథలో పేదరాలి ఇంట 'సూఖీ మఛ్లీ' ఉడుకుతుంది. దానిని 'ఎండుచేప' అని వ్రాయగానే పాఠకునికి వస్తువు కనబడుతుంది, వాసన కూడా తగులుతుంది; ఆ వెంటనే కొందరి ముఖం ముడుచుకొంటుంది.

ఈ రెండూ ఒకే విద్యకు పుట్టిన బిడ్డలు. చేపను కోసి శుభ్రపరచి, ఉప్పు పట్టించి, దానిలోని నీటిని తీసివేసి, ఎండకో పొగకో అప్పగించి, కుళ్ళకుండా కాపాడటమే ఆ విద్య. అట్లుండగా ఒకటి వెండి పళ్ళెంలోకి ఎక్కటానికి, రెండవది ఇరుగుపొరుగులకు తెలియకుండా మూతపెట్టిన కుండలో దాగటానికి కారణమేమి? చేప జాతిలో కారణం వెదకి లాభం లేదు. మన బెస్తల చేతిపనిలో లోపమున్నదనటానికీ ఆధారం లేదు. ఆ భేదంలో పెద్ద భాగం ఉప్పు ధరలో ఉన్నది. ఆ ధరను నిర్ణయించిన చట్టాలలో ఉన్నది. ఈ వ్యాసంలో చెప్పదలచిన విషయం అదే.

ముందు పేర్ల సంగతి చూద్దాం. నిజమైన సాల్మన్ మన సముద్రాలలో లేదు. అది ఉత్తర అట్లాంటిక్, ఉత్తర పసిఫిక్ సముద్రాల చల్లని నీటి చేప. మన దేశానికి వచ్చిన ఆంగ్లేయులు స్వదేశపు రుచిని మరువలేక, మన కోస్తాలో దొరికే మాగ చేపకు 'ఇండియన్ సాల్మన్' అని పేరు పెట్టుకొన్నారు. బొంబాయిలో దానినే రావస్ అంటారు. మాగకూ సాల్మన్‌కూ వంశసంబంధం ఏమీ లేదు. ఐతే మాగకు శాస్త్రలోకంలో ప్రవేశం కల్పించింది మన తీరమే. పాట్రిక్ రస్సెల్ అనే వైద్యుడు విశాఖపట్నంలో సేకరించిన రెండు వందల చేపల వర్ణనలను, బొమ్మలను 1803లో లండనులో రెండు సంపుటాలుగా ప్రకటించాడు. ఆ గ్రంథంలో చేపలను ఆయన తెలుగు జాలరులు పిలిచే పేర్లతోనే పేర్కొన్నాడు. వానిలో మాగ ఒకటి. ఆ మరుసటి సంవత్సరమే జార్జి షా అనే శాస్త్రజ్ఞుడు దానికి 'నాలుగు వేళ్ళది' అనే అర్థం వచ్చే లాటిన్ పేరు పెట్టాడు. మాగ రొమ్మురెక్కల క్రింద వేళ్ళవలె వ్రేలాడే పోగులే ఆ పేరుకు మూలం.

రూపాన్ని విడిచి జీవనవిధానాన్ని చూస్తే సాల్మన్‌కు దగ్గరగా నిలిచేది మన పులస. సాల్మన్ సముద్రంలో పెరిగి, గ్రుడ్లు పెట్టటానికి నదికి ఎదురీదుతుంది. పులస కూడా అంతే. సముద్రంలో ఉన్నంతవరకు దానిని విలస అంటారు. వరద గోదావరిలో ప్రవేశించిన తర్వాత అది పులస అవుతుంది. రెండింటికీ ఒళ్ళంతా నూనె. రెండూ దొరికేది ఏడాదిలో కొద్ది వారాలపాటు మాత్రమే. కాని దొరికినప్పుడు రాశిగా దొరుకుతవి. రాశిగా దొరికి త్వరగా చెడిపోయే వస్తువును నిలవచేసుకోవాలనే ఆలోచన ఎక్కడైనా పుట్టవలసిందే. స్కాట్లండు గుడిసెలలోనూ, అమెరికా పశ్చిమతీరాన ఆదివాసుల పొగ ఇండ్లలోనూ సాల్మన్‌ను నిలవచేసే పద్ధతి ఇట్లే వచ్చింది. వంగదేశంలో పులసకు సోదరియైన ఇలిశ్ చేపను ఉప్పులో ఊరవేసి 'నోనా ఇలిశ్' చేసే ఆచారానికీ కారణం ఇదే.

ఈ నిలవ విద్యకు మూడు సాధనాలు: ఉప్పు, ఎండ, పొగ. పచ్చిచేప బరువులో నూటికి డెబ్బయి నుండి ఎనభై పాళ్ళు నీరే. కుళ్ళుదల కలిగించే సూక్ష్మజీవులు ఆ నీటిని ఆధారం చేసుకొని బ్రతుకుతవి. ఉప్పు చేప కండలోని నీటిని వెలికి లాగుతుంది, తాను లోపలికి దిగుతుంది. మిగిలిన నీరు కూడా ఉప్పుతో కట్టుబడి ఆ జీవులకు అందకుండా పోతుంది. నూరు పాళ్ళ నీటిలో సుమారు ముప్పయి ఆరు పాళ్ళ ఉప్పు కరుగుతుంది. ఆపైన ఎంత వేసినా అడుగుకు దిగవలసిందే. అటువంటి చిక్కని ఉప్పునీటిలో చేప ఊరితే కండ గట్టిపడుతుంది. మన తీరంలోని స్త్రీలు లెక్క కట్టకుండానే చేతి అందాజుతో మూడు పాళ్ళ చేపకు ఒక పాలు గళ్ళ ఉప్పు పట్టిస్తారు. పెద్ద చేప ఐతే వీపువెంట చీల్చి, పేగులు తీసి, కండకు గాట్లు పెట్టి, ఆ గాట్లలో ఉప్పు కూరుతారు. ఒకటి రెండు రాత్రులు కుండలోనో తొట్టిలోనో ఊరనిచ్చి, ఊరిన ఉప్పునీటితోనే కడిగి, ఎండలో పరుస్తారు. నెత్తళ్ళవంటి చిన్న చేపలకు, రొయ్యపొట్టుకు ఈ శ్రమ అవసరం లేదు; మంచి ఎండ ఉంటే అవి ఉప్పు లేకుండానే ఎండుతవి. వంజరం, సొర, మాగ వంటి కండగల చేపలకు ఉప్పు తప్పనిసరి. లేకపోతే పైన ఎండి లోపల కుళ్ళుతవి.

పొగ సంగతి కొంచెం వేరు. ఎండ చాలని దేశాలలో ఎండ చేయవలసిన పనిని పొగ చేస్తుంది. సాల్మన్ నదులకెక్కే శరత్కాలంలో ఆ దేశాలలో వాన, మంచు. అందువలన అక్కడివారు చేపను ఉప్పునీటిలో ఊరవేసి, తీసి, గాలికి ఆరగట్టి, పైన సన్నని జిగురుపొర ఏర్పడిన తర్వాత సిందూర జాతి కట్టెల పొగలోనో, ఆల్డర్ కట్టెల పొగలోనో వ్రేలాడదీస్తారు. ఆ పొర లేకపోతే పొగ చేపకు సరిగా అంటదు. పొగలోని పదార్థాలు సూక్ష్మజీవులను అణచటమే కాక, చేప నూనె చేదెక్కకుండా కూడా కాపాడతవి. నూనె ఎక్కువగా ఉన్న చేపకు ఎండకంటె పొగ అనుకూలించటానికి కారణం ఇది. పొగ రంగు చూచి భద్రమనుకోరాదు. ఉప్పు చాలనప్పుడు, లోపలి కండకు వేడి తగలనప్పుడు, గాలి చొరకుండా మూసి ఉంచిన పొగచేపలో కంటికి కనబడని విషం పుట్టగలదు. ఇంటివద్ద ఈ పని చేసేవారు పొగకంటె ముందు ఉప్పును, వేడిని గమనించవలెనని శాస్త్రం చెబుతున్నది.

మన తీరంలో ఎండకు కొదువలేదు గనుక పొగకు ప్రాధాన్యం రాలేదు. ఐనా పొగ మనకు అపరిచితం కాదు. బస్తరు అడవులలో ఏటిలో పట్టిన చిన్న చేపలను పొయ్యిమీది దడిపై పరచి పొగకు ఎండిస్తారు. లక్షదీవులలో సూర చేపను ఉడకబెట్టి, పొగబెట్టి, ఎండబెట్టి కొయ్యవలె గట్టిగా ఉండే 'మాస్' అనే పదార్థం చేస్తారు. వానకాలం ఎక్కువగా ఉన్నచోట, కట్టె సమృద్ధిగా ఉన్నచోట పొగ. ఎండ కాచేచోట ఎండ. ప్రకృతి అనుకూలతను బట్టి మనిషి సాధనాన్ని ఎన్నుకొన్నాడు. కాని ఎండ తనపాటికి తానే దొరుకుతుంది, పొగ ఇంటి పొయ్యి నుండి వస్తుంది. రాజు చేతికి చిక్కినది మూడవదైన ఉప్పు మాత్రమే.

ఉప్పుపై రాజదృష్టి పడటం కొత్తసంగతి కాదు. కౌటిల్యుని అర్థశాస్త్రంలో లవణాధ్యక్షుడనే ఉద్యోగి ఉన్నాడు. పరదేశపు ఉప్పుకు ఆరవ వంతు రాజభాగమని, ఉప్పులో కల్తీ చేసినవానికి దండన అని అందులో కలదు. ఐతే అదే గ్రంథంలో శ్రోత్రియులు, తాపసులు, వెట్టిపనివారు తమ భోజనానికి కావలసిన ఉప్పును సుంకం లేకుండా తీసుకొనిపోవచ్చునని కూడా విధించబడి ఉన్నది. రాజుగారి కోష్ఠాగారంలో ఉంచవలసిన పదార్థాల జాబితాలో ఎండిన చేపలకూ స్థానం ఉన్నది. కందమూలాలతో, ఫలాలతో, కూరలతో కలిపి వానిని కౌటిల్యుడు ఒకే వర్గంలో చేర్చాడు. అనగా ఎండుచేప ఆనాడు రాజు కొట్టులో సిగ్గుపడవలసిన వస్తువు కాదు. శాకాల సరసన లెక్కకు వచ్చిన నిలవ ఆహారం. అమరకోశంలో కూడా ఎండిన మాంసానికి 'వల్లూరం' అని ప్రత్యేకమైన మాట ఉండటం గమనించదగినది.

ఇక ఆధునిక చరిత్రకు వద్దాం. 1805వ సంవత్సరపు మొదటి రెగ్యులేషను ద్వారా ఈస్టిండియా కంపెనీ మద్రాసు రాజధానిలో ఉప్పు తయారీని, అమ్మకాన్ని తన గుత్తాధికారం క్రిందికి తెచ్చుకొన్నది. నౌపడా, పెనుగుదురు, పండ్రాక, చినగంజాం, ఇసకపల్లి మొదలైనచోట్ల ఉప్పు కొఠారులు సర్కారు అదుపులోనికి వచ్చినవి. ఉప్పు పండించటమే కాదు, తనంత తానుగా నేలపై పేరిన ఉప్పును, ఉప్పుమట్టిని ప్రోగుచేయటం కూడా క్రమంగా నేరమైనది. ఉత్తరాన పరిస్థితి మరింత విచిత్రం. సింధునది దరి నుండి మహానది వరకు రెండువేల మూడు వందల మైళ్ళ పొడవున ఒక సుంకపు సరిహద్దు ఏర్పడినది. దానిలో చాలా భాగం ముళ్ళకంచె. కాపలాకు సుమారు పన్నెండు వేలమంది. ఉప్పు ఒక ప్రాంతం నుండి మరొక ప్రాంతానికి పన్ను లేకుండా దాటిపోకూడదని ఈ ఏర్పాటు. 1879లో దానిని ఎత్తివేశారు. కాని కంచె పోయినంత మాత్రాన పన్ను పోలేదు.

1882లో దేశమంతటా మణుగుకు రెండు రూపాయల పన్ను స్థిరపడింది. 1888లో అది రెండున్నర రూపాయలైనది. 1903 తర్వాత మెట్టుమెట్టుగా దిగి 1907లో ఒక రూపాయికి వచ్చింది. 1916లో రూపాయి నాలుగణాలు. 1923లో మళ్ళీ రెండున్నర. మరుసటి ఏటనే తిరిగి రూపాయి నాలుగణాలు. ఈ మణుగు మన తెలుగు ఇండ్లలో వాడుకలో ఉండిన పదకొండు కిలోల మణుగు కాదు. సుమారు ముప్పయి ఏడు కిలోల సర్కారు మణుగు. ఆ ఉప్పు తయారీకి అయ్యే ఖర్చు కొద్ది అణాలు మాత్రమే, మిగిలినదంతా పన్ను.

ఒక చిన్న లెక్క వేసి చూస్తే దీని భారం తెలుస్తుంది. మూడు మణుగుల చేపకు ఒక మణుగు ఉప్పు కావాలి. పన్ను రెండున్నర రూపాయలున్ననాడు దానిమీది పన్ను ఒక్కటే నలభై అణాలు. కూలివాని రోజు సంపాదన రెండు మూడు అణాలుగా ఉండిన ఆ రోజులలో అది రెండు వారాల నుండి మూడు వారాల శ్రమ. వల నిండా చేప పడిన రోజున జాలరి ఎదుట మూడు దారులుండేవి: పచ్చిచేపను వచ్చిన ధరకు అమ్ముకోవటం, ఉప్పు తగ్గించి ఎండబెట్టటం, చాటుగా ఉప్పుమట్టి తెచ్చి పట్టించటం. మొదటిది నష్టం, రెండవది కుళ్ళు, మూడవది నేరం.

ఈ స్థితిని అధికార దృష్టికి తెచ్చినవాడు ఫ్రాన్సిస్ డే. ఈయన మద్రాసు సైన్యంలో వైద్యుడుగా చేరి, తర్వాత దేశమంతటికీ మత్స్యశాఖ పర్యవేక్షకుడైనాడు. భారతదేశపు చేపలను గూర్చి 1875–78 మధ్య వెలువడిన ఆయన గ్రంథం నేటికీ ప్రమాణం. 1873లో ప్రకటించిన నివేదికలో ఆయన సముద్రపు చేపల పరిశ్రమకు ఉప్పు పన్ను ఎట్లు అడ్డు వస్తున్నదో వివరించాడు. తీరం పొడవునా ఉప్పు చాలని చేప, మట్టి ఉప్పు పట్టిన చేప, సగం కుళ్ళిన చేప జనానికి ఆహారమవుతున్నదని ఆయన ఫిర్యాదు. దాని ఫలితంగా 1870ల దశాబ్దంలో మద్రాసు రాజధానిలో 'ఫిష్ క్యూరింగ్ యార్డులు' వెలసినవి. తెలుగున వీనిని చేపలు ఉప్పువేసే ఆవరణలు అనవచ్చు. ఆ ఆవరణలో, సర్కారు ఉద్యోగి కళ్ళ ఎదుట, చేపకు పట్టించే ఉప్పుకు పన్ను ఉండదు. శతాబ్దాంతానికి ఇటువంటి యార్డుల సంఖ్య వంద దాటింది.

ఇది మేలే. ఐతే మేలుకు కూడా కంచె కట్టి ఉన్నది. పన్ను లేని ఉప్పు ఇంటికి పోకూడదు గనుక చేపే యార్డుకు రావాలి. తెల్లవారుజామున ఒడ్డుకు చేరిన పడవ నుండి చేపను గంపలకెత్తి, మైళ్ళకొద్దీ ఇసుకలో మోసి, ఉద్యోగి వచ్చి తూకం వేసేవరకు కాచుకొని ఉండాలి. ఆ కాచుకొన్న గంటలలోనే చేప చెడటం ఆరంభమవుతుంది. దూరపు పల్లెలకు యార్డు అసలే లేదు. ఇంతకుముందు ఇంటి వాకిట, తల్లి కూతురికి నేర్పిన చేతిపని ఇప్పుడు లెక్కల పుస్తకం ఎదుట జరిగే పని ఐనది. వాకిటిలో చేస్తే అనుమానం. ఆవరణలో చేస్తే అనుమతి.

1905లో మద్రాసు మత్స్యపరిశ్రమ పరిశోధన బాధ్యత స్వీకరించిన ఫ్రెడరిక్ నికల్సన్ ఈ లోపాలను గమనించాడు. సహకార పరపతి సంఘాలను గూర్చి నివేదిక వ్రాసి పేరుగన్న నికల్సన్ ఈయనే. జపానుకు పోయి అక్కడి మత్స్యపరిశ్రమను చూచివచ్చి 1907లో ఒక పత్రం ప్రకటించాడు. ఉప్పు సకాలంలో పడాలి, చేప శుభ్రంగా ఉండాలి, నేలమీద కాక పరిశుభ్రమైన చోట ఎండాలి అనే సూత్రాలు ఆనాటి నుండి మత్స్యశాఖ బోధలో నిలిచినవి. బోధ మంచిదే. కాని బోధ వినేవారి చేతికి ఉప్పు ఇంకా చవకగా అందలేదు.

సరిగా ఉప్పు పట్టి, సరిగా ఎండిన చేపకు ఒక విధమైన సముద్రపు వాసన ఉంటుంది. కుళ్ళు వాసన ఉండదు. కుళ్ళు వాసన ఉప్పు చాలకపోవటం వలన, ఆలస్యం వలన వచ్చినది. ఒక శతాబ్దంపైగా తీరాన ఉప్పు చాలకుండా చేసినది చట్టం. ఆ చట్టపు ఫలితమైన వాసనను జనం జాతికి, కులానికి, వృత్తికి అంటగట్టారు. వాడబలిజలు, జాలరులు, పల్లెకారులు మోసిన గంపల నుండి వచ్చిన గాలిని చూచి ముక్కు మూసుకొన్నవారెవరూ దాని వెనుక ఉప్పు ఖజానా ఉన్నదని అనుకోలేదు.

ఆ చట్టం సాహిత్యంలోనికి కూడా వచ్చింది. హిందీ పాఠకులు ఎరిగిన ప్రేమ్‌చంద్ కథ 'నమక్ కా దారోగా' ఈ ఉప్పుశాఖ నేపథ్యంలోనిదే. వంశీధరుడనే యువకుడు ఉప్పు దారోగా అవుతాడు, దొంగ ఉప్పు బండ్లతో పట్టుబడ్డ పండిత అలోపీదీన్ లంచానికి లొంగడు, ఉద్యోగం పోగొట్టుకొంటాడు, చివరకు ఆ అలోపీదీనే వచ్చి ఆ నిజాయితీకి గౌరవమిస్తాడు. లంచగొండితనం రాజ్యమేలిన శాఖలో ఒక్క మనిషి నిలబడటం ఆ కథకు ప్రాణం. గొప్ప కథ. ఐతే అందులో ఉప్పు ఒక ధనవంతుని బండ్లలో పోతున్నది. ఒడిలో రెండు గుప్పెళ్ళ ఉప్పుమట్టి దాచుకొన్న బెస్త స్త్రీ ఆ కథలో లేదు. దారోగా నిజాయితీపరుడైనకొద్దీ ఆమెకు కష్టం ఎక్కువయ్యేది. చట్టం అన్యాయమైనప్పుడు ఉద్యోగి నీతి ఎవరిని కాపాడుతుందనే ప్రశ్న ఆ కథను తెలుగుతీరాన నిలబడి చదివినవారికి కలుగక మానదు.

ఆ ప్రశ్నకు దేశం 1930లో జవాబు చెప్పింది. ఏప్రిల్ 6న గాంధీజీ దండిలో ఉప్పు చేపట్టారు. తెలుగుదేశంలో నౌపడా, మచిలీపట్నం, దేవరంపాడు మొదలైనచోట్ల సత్యాగ్రహులు ఉప్పు వండి జైళ్ళకు పోయారు. మరుసటి సంవత్సరం మార్చి 5న కుదిరిన గాంధీ–ఇర్విన్ ఒడంబడికలో, ఉప్పు దొరికే ప్రాంతాల పొరుగు గ్రామాలవారు తమ ఇంటి వాడకానికి, తమ గ్రామాలలో అమ్మకానికి ఉప్పు చేసుకోవచ్చుననే వెసులుబాటు చేరింది. రెండువేల యేండ్ల క్రితం కౌటిల్యుడు వెట్టివానికి విడిచిపెట్టిన హక్కు ఇంత పోరాటం తర్వాత తిరిగి దొరికింది. పన్ను పూర్తిగా రద్దయినది 1947 ఏప్రిల్ 1న. స్వాతంత్ర్యానికి నాలుగు నెలలు ముందుగా ఉప్పుకు స్వాతంత్ర్యం వచ్చిందన్నమాట.

తీరపు చరిత్ర ఇట్లుండగా, సముద్రం చూడని ప్రాంతాల కథ మరొకటి ఉన్నది. ఉప్పు, ఉప్పుచేప రెండూ ప్రయాణికులు. రైళ్ళు లేని కాలంలో లంబాడీల ఎద్దుల మందలు తూర్పు తీరపు ఉప్పును కనుమల మీదుగా జయపురం, బస్తరు, ఛత్తీస్‌గఢ్ మైదానాలకు చేర్చి, తిరుగుదారిలో ధాన్యం తెచ్చేవి. విజయనగరం నుండి పార్వతీపురం వరకు 1908–09లో వచ్చిన రైలుమార్గం 1931లో రాయపూరు వరకు పూర్తి ఐనది. ఉప్పు ఒడంబడిక జరిగిన సంవత్సరమూ, ఈ దారి తెరచిన సంవత్సరమూ ఒకటే కావటం కాకతాళీయమే. కాని ఈ కథకు రెండూ అవసరమైనవి. సముద్రాలు దాటినవారి వెంట కూడా ఉప్పుచేప పోయింది. 1860లో మద్రాసు నుండి నేటాలుకు పోయిన మొదటి ఓడ మొదలు, ఒప్పందపు కూలీలకు ఇచ్చిన భత్యంలో బియ్యం, పప్పు, నెయ్యి, ఉప్పులతోపాటు ఉప్పుచేప కూడా లెక్కలోకి వచ్చింది. ఉప్పుచేప, పప్పుచారు కలిపి తినే తెలుగువాని కంచం ఆఫ్రికా చెరకుతోటలలో కూడా గుర్తుపట్టదగినదే.

స్వతంత్ర భారతంలో ఆ రాయపూరు దారి మరొక వలసకు దారి ఐనది. 1955లో సోవియట్ దేశంతో జరిగిన ఒప్పందం ప్రకారం భిలాయిలో ఉక్కు కర్మాగారం వెలసింది. దాని మొదటి బ్లాస్ట్ ఫర్నేసును 1959 ఫిబ్రవరి 4న రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ ప్రారంభించారు. దల్లీ రాజహరా గనుల నుండి ముడి ఇనుము వచ్చే రైలుమార్గంలో మరోదా ఒక స్టేషను. కర్మాగారపు నీటి అవసరాలు తీర్చే జలాశయాలకూ అదే పేరు. శ్రీకాకుళం, విశాఖపట్నం ప్రాంతాల నుండి వేలాది కుటుంబాలు పనికోసం ఇక్కడికి వచ్చి స్థిరపడినవి. సెలవులకు స్వగ్రామం పోయి వచ్చేవారి సామానులో ఆవకాయ జాడీ ప్రక్కన గుడ్డలో కట్టి, దానిపై మరొక గుడ్డ చుట్టి తెచ్చే మూట ఎండుచేపలది. నెత్తళ్ళు, సావిడాయిలు, రొయ్యపొట్టు, అదృష్టముంటే వంజరం ముక్కలు. రైలుపెట్టెలో దానిని బయటపెట్టటానికి జంకు. ఇల్లు చేరిన తర్వాత పంచుకోవటంలో ఉదారత.

ఉక్కు కొలిమి ఎదుట పనిచేసేవాని ఒంటి నుండి చెమటతోపాటు ఉప్పు కూడా పోతుంది. పోయిన ఉప్పు తిరిగి చేరకపోతే కండరాలు పట్టేస్తవి, కళ్ళు తిరుగుతవి. ఉప్పుచేప ముక్క నంజుకొని గంజి అన్నం తిన్న తీరపు శ్రామికుని ఆహారంలో దేహధర్మానికి తగిన వివేకం ఉన్నది. అతనికి ఆ వివేకం పుస్తకం నేర్పలేదు. ఎండలో పడవ నడిపిన తాతతండ్రులు నేర్పారు.

ఇక్కడి నేలకూ ఈ రుచి పరాయిది కాదు. ఛత్తీస్‌గఢ్ చెరువుల దేశం. వేసవిలో చెరువులు ఎండేటప్పుడు కేవట్, ఢీమర్ కులాలవారు పట్టిన చేపలలో మిగిలినవానిని ఎండబెట్టి వానకాలానికి దాచుకోవటం పల్లెలలో పరిపాటి. బస్తరులో దానిని 'సుక్సీ' అంటారు. వారపు సంతలో ఒకే గోనెపట్టా మీద మంచినీటి ఎండుచేపలు, సముద్రపు ఎండుచేపలు ప్రక్కప్రక్కనే కుప్పలు పోసి ఉండటం కద్దు. తెలుగు ఇల్లాలు, ఛత్తీస్‌గఢీ ఇల్లాలు ఒకే కుప్పను వేళ్ళతో తడిమి, విరిచి, వాసన చూచి బేరమాడతారు. విరిస్తే పుటుక్కున విరగాలి, వేలికి జిడ్డు అంటకూడదు, ఎర్రని బూజు ఉండకూడదు. పరీక్ష ఇద్దరికీ ఒకటే. ఆ ఎర్రదనం ఉప్పులోనే బ్రతికే ఒక సూక్ష్మజీవి పని అని శాస్త్రం చెప్పకముందే వారికది చెడుగుర్తు.

కొత్త కాలం ఈ విద్యకు కొత్త చిక్కు తెచ్చింది. 1952లో ఒప్పందం కుదిరి కేరళలో ఆరంభమైన భారత–నార్వే పథకం మొదలు మరపడవలు, మంచుగడ్డ, శీతల గిడ్డంగులు వ్యాపించినవి. వంజరం, మాగ, చందువ వంటి మేలుజాతి చేప మంచుపెట్టెలో పట్టణాలకు, పరదేశాలకు పోతున్నది. ఉప్పు చవకైన కాలానికి ఉప్పు వేయదగిన మంచి చేప తీరంలో మిగలటం తగ్గింది. ఎండబెట్టే వంతు ఎక్కువగా చిన్నచేపలకు, అమ్ముడుపోక మిగిలినదానికి వస్తున్నది. ఎండుచేప పేరు మళ్ళీ మిగులుచేపకు పర్యాయమయ్యే ప్రమాదం ఇక్కడ ఉన్నది. 1957లో కొచ్చిలో ఏర్పడిన కేంద్ర మత్స్య సాంకేతిక పరిశోధన సంస్థ శుభ్రమైన ఉప్పు, నేలకు ఎత్తుగా కట్టిన పందిళ్ళు, సూర్యరశ్మితో పనిచేసే ఆరబెట్టే పరికరాలు ప్రచారంలోకి తెచ్చింది. వానివలన ఈగ, ఇసుక తప్పుతవి; చేప విలువ పెరుగుతుంది. ఐనా ఇంకా చాలాచోట్ల ఆ పని ఇసుకమీద, ముసలి స్త్రీల వీపుమీద జరుగుతున్నది.

సాల్మన్‌కు వచ్చిన గౌరవం దానితో పుట్టినది కాదు. ఆ చేపను నిలవచేసేవారికి ఉప్పు అందింది, తగిన కాలం చిక్కింది, చేసిన వస్తువుకు ధర పలికింది. ఈ మూడూ కూడినచోట పల్లెవాని నిలవ తిండి కాలక్రమాన విందుభోజనమైనది. మన తీరాన చేయి ఉన్నది, చేప ఉన్నది, ఎండ ఉన్నది. ఉప్పు మాత్రం దాదాపు నూట నలభై సంవత్సరాలు తాళంలో ఉన్నది. ఈ సంగతి తెలిసిన తర్వాత 'ఎండుచేప' అనే మాటను అనువాదంలో మెత్తబరచవలసిన పని లేదు. దానికి సంస్కృతపు ముసుగు వేయవలసిన పని అంతకన్నా లేదు. ఆ మాటను ఉన్నదున్నట్లు వ్రాయవచ్చు. చదివేవారు ముఖం ముడుచుకొనే ముందు ఆ వాసనకు కారకులెవరో ఒక్కసారి విచారించుకొంటే చాలు.